లంక శరణార్థులు: నీడ దొరికింది, నెలవు దొరకలేదు

చెన్నై నుండి సూళ్లూరుపేట వైపు వచ్చే రైలుమార్గంలో గుమ్మిడిపూండి ఒక ముఖ్యమైన స్టేషను. అది దాటితే ఏళావూరు, ఆరంబాక్కం, ఆపైన తడ. అంటే ఆంధ్ర సరిహద్దుకు కూతవేటు దూరం. ఒకవైపు కర్మాగారాలు, మరొకవైపు తెలుగు, తమిళం రెండూ సమానంగా వినిపించే పల్లెలు ఉన్న ఈ ఊరిలోనే, తమిళనాట ఉన్న పెద్ద శిబిరాలలో ఒకటి ఉన్నది. అక్కడి పురుషులలో అధికులది ఇళ్లకు రంగులు వేసే పని. తెల్లవారకముందే బయలుదేరి, పని దొరికిన చోటికి పోయి, చీకటిపడే వేళకు తిరిగి వస్తారు. వారు మాట్లాడేది తమిళమే అయినా ఆ యాస తిరువళ్లూరు జిల్లాది కాదు. పాక్ జలసంధికి ఆవలి ఒడ్డున ఉన్న జాఫ్నా, మన్నార్, వవునియా ప్రాంతాల యాస అది.

శ్రీలంకలో యుద్ధం 2009 మే నెలలో ముగిసింది. ఆ యుద్ధం తరిమివేసిన ఈ జనం మాత్రం నేటికీ శిబిరాలలోనే ఉన్నారు. తమిళనాడు ప్రభుత్వం 2021లో ప్రకటించిన లెక్కల ప్రకారం శిబిరాలలో 58,822 మంది, శిబిరాల వెలుపల పోలీసు స్టేషన్లలో నమోదై నివసించేవారు 34,087 మంది. ఈ శిబిరాలు 29 జిల్లాలలో పరచుకొని ఉన్నాయి. అటు ఒడిశాలోని మల్కన్‌గిరిలోనూ 1990 నాటికే కొందరు లంక తమిళులకు వసతి కల్పించారు. కనుక ఇది దూరదేశపు వార్త కాదు. సరిహద్దు జిల్లాల తెలుగువారు సంతలో, బస్సులో, పని ప్రదేశంలో ఎదురుపడే మనుషుల కథ.

తెలుగు పత్రికలు శరణార్థులను ‘కాందిశీకులు’ అని వ్రాయడం పాఠకులకు తెలిసినదే. ‘ఏ దిక్కుకు పోదును’ అని తల్లడిల్లేవాడు అన్నది ఆ సంస్కృత పదానికి మూలార్థం. 1983 జూలైలో లంక తమిళుల స్థితి అక్షరాలా అదే. ఆ నెల 23న జాఫ్నా సమీపంలో ఎల్‌టీటీఈ జరిపిన మెరుపుదాడిలో 13 మంది సైనికులు మరణించగా, దానికి ప్రతీకారంగా కొలంబో మొదలుకొని దక్షిణ లంక పట్టణాలలో తమిళుల ఇళ్లు, దుకాణాలు తగులబెట్టారు. వందలాది మంది హతులయ్యారు. మరుసటి రోజులనుండే రామేశ్వరం తీరానికి పడవలు రాసాగాయి. తలైమన్నారుకూ ధనుష్కోటికీ మధ్య సముద్రం సుమారు 30 కిలోమీటర్లు మాత్రమే. చేపల పడవకు కొన్ని గంటల ప్రయాణం. కేంద్ర హోంశాఖ నివేదికల ప్రకారం 1983 జూలై నుండి 2012 ఆగస్టు వరకు భారతదేశానికి వచ్చిన లంక శరణార్థుల సంఖ్య 3,04,269. వీరంతా ఒక్కమారు వచ్చినవారు కారు. యుద్ధం సద్దుమణిగినప్పుడు కొందరు తిరిగి వెళ్లారు, మళ్లీ రాజుకున్నప్పుడు వారిలోనే కొందరు రెండవసారి పడవ ఎక్కారు. కొన్ని కుటుంబాలు మూడుమార్లు సముద్రం దాటాయి.

ఈ యుద్ధంలో నిర్వాసితులైనది తమిళ హిందువులూ క్రైస్తవులూ మాత్రమే కాదు. 1990 అక్టోబరులో ఎల్‌టీటీఈ ఉత్తర లంకనుండి దాదాపు 70 వేలకు పైగా ముస్లిములను వెళ్లగొట్టింది. వారు పుత్తళం ప్రాంతంలో దశాబ్దాలు శిబిరాలలో గడిపారు. బాధితుల తరఫున ఆయుధం పట్టినామన్నవారే మరికొందరిని కాందిశీకులను చేశారన్నది మరువరాని సంగతి.

తమిళనాడు వీరికి ఇచ్చిన ఆదరణను తక్కువచేయడం న్యాయం కాదు. మొదటి సంవత్సరాలలో ఊళ్లకు ఊళ్లే బియ్యం, బట్టలు పోగుచేసి పంపాయి. బడులలో పిల్లలను చేర్చుకొన్నారు. 1984లో ఎస్.సి. చంద్రహాసన్ ప్రారంభించిన ఈలం శరణార్థుల పునరావాస సంస్థ శిబిరాలలో చదువును ఒక ఉద్యమంగా నడిపింది. అయితే 1991 మే 21న శ్రీపెరుంబుదూరులో రాజీవ్ గాంధీ హత్య జరిగిన తరువాత గాలి ఒక్కసారిగా మారిపోయింది. హంతకులు ఎవరో, శిబిరంలోని తల్లులూ పిల్లలూ ఎవరో వేరుచేసి చూసే ఓపిక ఆ రోజులలో కొద్దిమందికే ఉన్నది. శరణార్థి విద్యార్థులకు ఇచ్చిన రాయితీలు ఉపసంహరించబడ్డాయి. 1992 జనవరినుండి 1995 మార్చి వరకు 54 వేలకు పైగా జనాన్ని తిరిగి పంపించారు. ఆ తిరుగు ప్రయాణాలు నిజంగా స్వచ్ఛందమేనా అని పరిశీలించడానికి ఐక్యరాజ్యసమితి శరణార్థుల సంస్థ 1992లో చెన్నైలో అడుగుపెట్టవలసి వచ్చిందంటే పరిస్థితి అర్థమవుతుంది. ఇచ్చేవారి మనసు మారితే పుచ్చుకొనేవారి బ్రతుకు మారిపోతుందన్న భయం శిబిరాలలో నాటుకొన్నది అప్పుడే. దయ మీద నిలిచిన ఇల్లు దయ ఉన్నంతకాలమే నిలుస్తుంది.

2021 ఆగస్టులో తమిళనాడు ముఖ్యమంత్రి ఎం.కె. స్టాలిన్ శాసనసభలో రూ. 317.40 కోట్ల పథకాన్ని ప్రకటించారు. పది అడుగుల గదులు, రేకులు, తార్పాలిన్లతో మూడు దశాబ్దాలు గడిపిన కుటుంబాలకు 7,469 ఇళ్లు కట్టించడం అందులో ప్రధానాంశం. కుటుంబ పెద్దకు ఇచ్చే నెలసరి భత్యం వెయ్యి రూపాయలనుండి 1,500 అయింది. మిగిలిన పెద్దలకు 750 నుండి వెయ్యి, పిల్లలకు 400 నుండి 500 అయింది. ‘శరణార్థి శిబిరం’ అన్న పేరును ‘లంక తమిళుల పునరావాస శిబిరం’గా మార్చారు. ఇవన్నీ అవసరమైనవే. కానీ ఆ కొత్త ఇంటి స్థలం అందులో ఉండేవారిది కాదు. వారికి ఆధార్ సంఖ్య ఉన్నది, అది పౌరసత్వానికి రుజువు కాదు. పిల్లవాడు ఇంజనీరింగు చదివినా ప్రభుత్వోద్యోగానికి దరఖాస్తు చేయలేడు. పాస్‌పోర్టు లేనందున విదేశంలో ఉద్యోగం వచ్చినా వెళ్లలేడు. పట్టభద్రులు సయితం తండ్రులతో కలసి రంగుల బ్రష్షు పట్టడానికి కారణం ఇదే.

సరిహద్దు పల్లెలవారికి కాగితం విలువ ఒకరు చెప్పవలసిన పనిలేదు. పొలం ఒక రాష్ట్రంలో, ఇల్లు మరొక రాష్ట్రంలో ఉన్న కుటుంబం నివాస ధ్రువపత్రం కోసం, కుల ధ్రువపత్రం కోసం రెండు తాలూకా కచేరీల చుట్టూ తిరగడం ఎరుగనిది కాదు. అంత తిరిగినా, ఎటువైపు లెక్కించినా ఆ కుటుంబం భారతీయ కుటుంబమే. వారికి వోటు ఉన్నది గనుక వారి ఫిర్యాదును వినే నాయకుడు ఎవరో ఒకరు ఉంటారు. శిబిరవాసికి ఆ ఆధారం కూడా లేదు.

అసలు చిక్కు ఎక్కడ ఉన్నదంటే పౌరసత్వ చట్టంలో ఉన్నది. 1951 నాటి అంతర్జాతీయ శరణార్థుల ఒప్పందంపై భారతదేశం సంతకం చేయలేదు. శరణార్థుల కోసం ప్రత్యేక చట్టమూ లేదు. పర్యవసానంగా, ప్రాణభయంతో పడవలో వచ్చినవారూ, అనుమతి లేకుండా చొరబడినవారూ చట్టం కంటికి ఒక్కటే. 2003లో చేసిన సవరణ చెల్లుబాటయ్యే పాస్‌పోర్టు లేకుండా వచ్చినవారిని ‘అక్రమ వలసదారులు’ అని నిర్వచించి, వారు నమోదు ద్వారా గానీ, దీర్ఘకాల నివాసం ద్వారా గానీ పౌరసత్వం కోరే దారిని మూసివేసింది. తగులబడుతున్న ఊరినుండి పరుగెత్తేవాడు పాస్‌పోర్టు కచేరీకి పోయి వరుసలో నిలబడలేడు గదా!

పుట్టుక ద్వారా వచ్చే హక్కు సంగతి మరీ విచిత్రం. 1987 జూలై 1కి ముందు భారతదేశంలో పుట్టినవారు, తల్లిదండ్రులు ఎవరైనప్పటికీ, జన్మతః పౌరులు. ఆ తేదీనుండి పుట్టినవారికి తల్లిదండ్రులలో ఒకరు భారతీయులై ఉండాలి. 2004 డిసెంబరు 3నుండి పుట్టినవారికి అంతకంటె కఠినం: ఒకరు భారతీయులైనా, రెండవవారు అక్రమ వలసదారు కారాదు. ఉదాహరణకు, 1984లో వచ్చిన ఒక దంపతులకు 1986లో అక్క, 1988లో తమ్ముడు అదే శిబిరంలో, అదే గదిలో పుట్టారనుకొందాము. చట్టం ప్రకారం అక్క భారతీయురాలు, తమ్ముడు విదేశీయుడు. అతడు తమిళనాడు అమ్మాయిని వివాహమాడితే, 2004 తరువాత పుట్టిన వారి బిడ్డకూ పౌరసత్వం రాదు.

ఇది కేవలం ఊహ కాదు. 1986లో మండపం శిబిరంలో పుట్టిన ఒక మహిళకు పాస్‌పోర్టు ఇవ్వవలసిందిగా మద్రాసు హైకోర్టు మదురై ధర్మాసనం 2022లో ఆదేశించింది. 2024 లోక్‌సభ ఎన్నికలలో ఆమె తొలిసారి వోటు వేసినప్పుడు అది తమిళనాట పెద్ద వార్త అయింది. ముప్పైఎనిమిదేళ్ల వయసులో, పుట్టుకతోనే ఉన్న హక్కును న్యాయస్థానం మెట్లెక్కి తెచ్చుకోవలసి రావడం వార్త కావడంలో ఆశ్చర్యమేమున్నది?

శిబిరాలలో మరొక వర్గం ఉన్నది. వారి కథ తెలుగు పాఠకులకు మరింత దగ్గరగా తోచవచ్చు. తేయాకు తోటలలో పని కోసం ఆంగ్లేయులు దక్షిణ భారతం నుండి లంకకు తీసుకొనిపోయిన కూలీల సంతానం వారు. లంకకు స్వాతంత్ర్యం వచ్చిన 1948లోనే అక్కడి పౌరసత్వ చట్టం వారిని ఏ దేశానికీ చెందనివారిని చేసింది. 1964 అక్టోబరు 30న లాల్ బహదూర్ శాస్త్రి, సిరిమావో బండారనాయకే కుదుర్చుకొన్న ఒప్పందంలో 5,25,000 మందిని భారతదేశం, మూడు లక్షల మందిని లంక స్వీకరించాలని పంచుకొన్నారు. మనుషులను ధాన్యపు బస్తాలవలె లెక్కకట్టి పంచుకొన్న ఒప్పందం అది. అలా సక్రమంగా తిరిగి వచ్చినవారికి నీలగిరులలో తేయాకు తోటలు, కర్ణాటకలోని సుళ్య, పుత్తూరులలో రబ్బరు తోటలు నెలకొల్పి పని కల్పించారు. కానీ ఒప్పందం అమలు నత్తనడక నడచింది. 1977 అల్లర్లలో తోటలనుండి పారిపోయి వవునియా వైపు చేరినవారు, 1983 తరువాత అక్కడినుండీ తరిమివేయబడి పడవలలో వచ్చారు. ఓడలో టికెట్టుతో వచ్చివుంటే పౌరులయ్యేవారు. పడవలో వచ్చారు కనుక అక్రమ వలసదారులయ్యారు. శిబిరాలలో ఇటువంటివారు 30 వేలకు దగ్గరగా ఉన్నారని అంచనా. తిరుచిరాపల్లి జిల్లాకు చెందిన ఇట్టి 65 మంది పౌరసత్వ దరఖాస్తులను మానవీయ దృష్టితో పరిశీలించాలని 2019 జూన్‌లో మద్రాసు హైకోర్టు న్యాయమూర్తి జి.ఆర్. స్వామినాథన్ తీర్పు ఇచ్చారు. లంక కూడా 2003, 2009 సంవత్సరాలలో చట్టాలు చేసి ఇటువంటివారికి పౌరసత్వపు తలుపు కొంత తెరిచింది. అయినా మూడు తరాలుగా తోటా ఇల్లూ రెండూ లేనివారు అక్కడ ఏ ఊరికి తిరిగి వెళ్లాలన్న ప్రశ్న మిగిలే ఉన్నది.

ఇక్కడ బర్మా తెలుగువారిని తలచుకోక తప్పదు. గోపాల్‌పూర్, విశాఖ, కాకినాడ రేవులనుండి రంగూను ఓడలెక్కిన గంజాం, ఉత్తరాంధ్ర, గోదావరి జిల్లాల కుటుంబాలు, 1942లో జపాను సేనలు బర్మాలో ప్రవేశించినప్పుడు అరకాను కొండలమీదుగా, మణిపురం అడవులమీదుగా కాలినడకన తిరిగి వచ్చాయి. దారిలో ఆకలికీ జ్వరాలకీ వేలాదిగా మరణించారు. 1962లో నే విన్ సైనిక ప్రభుత్వం వచ్చి, ఆపై దుకాణాలను జాతీయం చేసినప్పుడు రెండవ విడత వచ్చింది. విశాఖపట్నం కంచరపాలెంలోని బర్మా క్యాంపు ఆ రోజుల గుర్తు. వారు కష్టాలు పడలేదని కాదు. సర్వస్వం పోగొట్టుకొని వచ్చారు. కానీ స్వదేశానికి తిరిగి వచ్చిన పౌరులుగా వచ్చారు గనుక అప్పు తీసుకోగలిగారు, స్థలం కొనగలిగారు, వోటు వేయగలిగారు. వారి మనుమలను నేడు ఎవరూ శరణార్థులు అనరు. తూర్పు పాకిస్తాన్ నుండి వచ్చిన బెంగాలీలకు దండకారణ్య ప్రాజెక్టు కింద మల్కన్‌గిరి, ఉమర్‌కోట్ ప్రాంతాలలో భూమి ఇచ్చారు. టిబెట్టువారికి కర్ణాటకలోని బైలకుప్పెలో, ఒడిశాలోని చంద్రగిరిలో భూములు చూపించారు. కాబట్టి చేతకాక చేయలేదనడానికి వీలులేదు. ఒక్కొక్కరి విషయంలో ఒక్కొక్క రీతిగా చేశారు, అంతే.

యుద్ధం ముగిసింది కదా, తిరిగి వెళ్లిపోవచ్చు కదా అని అడిగేవారున్నారు. న్యాయమైన ప్రశ్నే. కొందరు వెళ్లారు కూడా. ఐక్యరాజ్యసమితి సంస్థ విమానం టికెట్టూ, కొద్దిపాటి పునరావాస భత్యమూ ఇస్తూ వచ్చింది. కానీ ఆవలి ఒడ్డున ఏమున్నదో చూడాలి. 2009లో ముల్లివైక్కాల్ తీరంలో యుద్ధం ముగిసే నాటికి దాదాపు మూడు లక్షల మంది తమిళులు వవునియా దగ్గరి మెనిక్ ఫారం వంటి శిబిరాలలో కంచెల మధ్య ఉన్నారు. మెనిక్ ఫారం 2012 సెప్టెంబరులో గానీ మూతపడలేదు. చివరి నెలలలో 40 వేల మంది వరకు పౌరులు మరణించి ఉండవచ్చునని ఐక్యరాజ్యసమితి నిపుణుల బృందం 2011లో పేర్కొన్నది. భారతదేశం 50 వేల ఇళ్ల పథకం చేపట్టింది. వాటిలో 46 వేలు ఉత్తర, తూర్పు రాష్ట్రాలకు, 4 వేలు తోటల ప్రాంతానికి. ఇల్లు నిలబడింది సరే, పొలం? వలికామం ఉత్తర ప్రాంతంలో 1990నుండి సైన్యం ఆక్రమించిన భూములను దశలవారీగా విడిచినా అన్నీ విడువలేదు. ముల్లైతీవు జిల్లా కెప్పాపులవులో స్త్రీలు తమ నేల కోసం 2017లో సైనిక శిబిరం ఎదుటే నెలల తరబడి కూర్చున్నారు.

2025 మార్చిలో లంక ప్రభుత్వం ఉత్తర రాష్ట్రంలో సుమారు 5,940 ఎకరాలకు సంబంధించి ఒక గెజిట్ ప్రకటన వెలువరించింది. మూడు నెలలలో హక్కు నిరూపించుకోని భూమి ప్రభుత్వపరమవుతుందన్నది దాని సారాంశం. తమిళ ప్రతినిధుల తీవ్ర నిరసనతో కొద్ది నెలలకే దానిని ఉపసంహరించుకొన్నారు. అయినా ఆ వార్త గుమ్మిడిపూండిలో ఎలా వినిపించి ఉంటుంది? దస్తావేజు ఇంటితోపాటు కాలిపోయింది. హద్దు చెప్పగల పెద్దలు శిబిరంలోనే కన్నుమూశారు. గట్టుమీది తాటిచెట్టు ఫిరంగి దెబ్బకు పోయింది. అదే ఏడాది మే నెలలో, తమిళనాడునుండి తిరిగి వెళ్లిన ఒక వృద్ధుని జాఫ్నా సమీపంలోని పలాలి విమానాశ్రయంలో, ఏనాడో అనుమతి లేకుండా దేశం విడిచినాడన్న కారణంతో నిర్బంధించారు. తరువాత విడిచిపెట్టారు. కానీ బయలుదేరుదామని మూట సర్దుకొన్నవారు మూట విప్పివేయడానికి ఆ ఒక్క సంఘటన చాలును. పైగా 2022లో లంక ఆర్థికంగా కుప్పకూలినప్పుడు, మార్చి 22నుండి ధనుష్కోటి ఇసుక తిన్నెలమీదికి మళ్లీ పడవలు వచ్చాయి. ఈసారి తరిమినది తుపాకి కాదు, బియ్యం ధర.

ఈవలి ఒడ్డున రాజకీయం వేరు. 2019లో పార్లమెంటు ఆమోదించి, 2024 మార్చిలో నియమాలతో అమలులోకి వచ్చిన పౌరసత్వ సవరణ చట్టం పాకిస్తాన్, బంగ్లాదేశ్, అఫ్ఘానిస్తాన్‌లనుండి వచ్చిన హిందువులు మొదలైన ఆరు మతాలవారికి దారి తెరిచింది. లంక పేరు అందులో లేదు. పొరుగు దేశంలో హింసకు గురైన హిందువులకు ఆశ్రయం అన్నది ఉద్దేశమైతే, మన కళ్లెదుట నలభై ఏళ్లుగా ఉన్న హిందువులను ఎందుకు వదిలివేశారో ఒప్పించే సమాధానం ఇంతవరకు వినబడలేదు. 2025 మేలో ఒక లంక తమిళుని కేసు విచారణలో, ఎక్కడెక్కడివారికో ఆశ్రయమివ్వడానికి ఈ దేశం సత్రం కాదన్న భావం సుప్రీంకోర్టు ధర్మాసనం వ్యక్తం చేసింది. అదే ఏడాది సెప్టెంబరులో కేంద్ర హోంశాఖ కొత్త వలస చట్టం కింద, 2015 జనవరి 9 వరకు వచ్చి నమోదైన లంక తమిళులను పాస్‌పోర్టు, వీసా లేనందుకు విధించే శిక్షలనుండి మినహాయించింది. ఇది మంచి అడుగే. శిక్ష తప్పింది, హోదా మాత్రం రాలేదు.

అందరికీ పౌరసత్వమిచ్చి తీరాలన్నది కూడా సర్వసమ్మతమైన మాట కాదు. ఉత్తర లంకలో తమిళుల సంఖ్య ఇప్పటికే క్షీణించిందనీ, ఇక్కడివారు శాశ్వతంగా ఇక్కడే ఉండిపోతే అక్కడ తమ జాతి రాజకీయ బలం మరింత తగ్గుతుందనీ భావించే తమిళ నాయకులు ఉన్నారు. వారి వాదనలో పసలేకపోలేదు. శిబిరాలలోనూ పెద్దవారిలో కొందరు ఊరి బావినీ, గుడినీ తలచుకొంటూ అక్కడే కన్నుమూయాలని కోరుకొంటారు; ఇక్కడ పుట్టిన పిల్లలకు ఆ ఊరు ఫోటోలలో చూసిన ఊరు. ఒకే ఇంటిలో రెండు కోరికలు. కాబట్టి ఎవరికి ఏది కావాలో వారినే అడిగి, వెళ్లదలచినవారికి అక్కడ భూమి, నిర్బంధించబోమన్న లిఖితపూర్వక హామీ, ఉండదలచినవారికి ఇక్కడ పౌరసత్వం ఇప్పించే ఏర్పాటు రెండు ప్రభుత్వాలూ కూర్చుని చేసుకోవలసినది. 1964లో మనుషులను అడుగకుండా చేసిన ఒప్పందం, వారిని అడిగి ఇప్పుడు చేయలేనిదేమీ కాదు. కచ్చతీవు గురించీ, మత్స్యకారుల పడవల గురించీ జరిగినన్ని చర్చలలో పదోవంతు ఈ 90 వేల మంది గురించి జరిగినట్లు కనబడదు. వోటు లేనివారి సంగతి చర్చకు వచ్చేది చివరనే.

అడగడానికి ముందు వారిని ఒకసారి చూసి రానివ్వాలి. తమ ఊరు ఉన్నదో లేదో, పొలంలో ఎవరున్నారో, బావి పూడిపోయిందో చూసుకొన్న తరువాతనే ఎవరైనా ఒక నిర్ణయానికి రాగలరు. ఇప్పుడున్న పద్ధతిలో ఒకసారి దేశం విడిచినవారికి శిబిరంలో మళ్లీ స్థానం ఉండదు. చూసి రావడమంటే వెళ్లిపోవడమే. నాగపట్నంనుండి జాఫ్నా దగ్గరి కంకేశన్‌తురైకి 2023 అక్టోబరులో ప్రయాణికుల ఓడ మొదలైంది. కొన్ని గంటల ప్రయాణం. పర్యాటకులు వెళ్లివస్తున్నారు, వ్యాపారులు వెళ్లివస్తున్నారు. ఆ ఓడ ఎక్కడానికి పాస్‌పోర్టు కావాలి.